నేను చదవని పేజీ

పలాస కాంప్లెక్సులో బస్సు దిగగానే జీడిపిక్కలు కాలుతున్న వాసన గుప్పుమంది. ఇక్కడివాళ్లకి అలవాటైపోయింది గాని నాకు గొంతు పట్టేస్తుంది. దాని వెనకే మా సార్ గుర్తొస్తారు. ఆయన పోయి రెండేళ్లయింది. ఆయన దగ్గర నేర్చుకున్న సంగతి నాకు మేలు చేసిందో కీడు చేసిందో, ఎంత తల బద్దలుకొట్టుకున్నా ఇప్పటికీ తేలలేదు.

సార్ టెక్కలిలో హెడ్మాస్టరుగా రిటైరయ్యాక, జిల్లాలో ఉపాధి హామీ పనుల ఫిర్యాదులు వినే అంబుడ్స్‌మన్‌గా వచ్చారు. నేను ఆయన దగ్గర కంప్యూటర్ ఆపరేటర్ని. జనం ఆయన్ని 'జడ్జిబాబు' అంటే కంగారుపడిపోయేవారు. ఆయన ఊరెళ్లి విచారించి, తప్పెవరిదో తేల్చి ఆర్డర్ రాస్తారు. దాన్ని అమలు చెయ్యాల్సింది మాత్రం పై అధికారులు. వాళ్లు చెయ్యకపోతే మళ్లీ ఉత్తరం రాయడం తప్ప ఆయన చేతిలో ఇంకేమీ లేదు.

ఆర్డర్ పోస్టులో పడేసి ఊరుకునే మనిషి కాదాయన. ఫిర్యాదు చేసినవాళ్ల అరుగు మీద కూర్చుని స్వయంగా చదివి వినిపించేవారు. దాని మొదటి పేజీకి 'నా చేతిలో లేనివి' అని హెడ్డింగు. "నాను ఎవుల్నీ ఉజ్జోగంలోంచి తియ్యలేను. మీ పేరు నా సేత్తో ఎక్కించలేను" అంటూ మొదలుపెట్టేవారు. వింటున్నవాళ్ల ముఖాలు వాడిపోయేవి. నాకు ఒళ్లు మండేది.

"ముందే చేతులెత్తేస్తే ఎలా సార్?" అని ఓసారి అడిగేశాను.

"లేని ఆశ పెట్టి ఎల్లిపోడం కన్నా నయం గదమ్మా" అన్నారు.

అప్పుడొచ్చింది దాలమ్మ కేసు. మందస దగ్గర పల్లె ఆమెది. ఇంకో ఎనిమిదిమంది ఆడవాళ్లతో కలిసి ఏటా కొన్ని నెలలు పలాసలోనే ఉండి జీడిపిక్కలు కొట్టేది. ఆ ఏడు తిరిగి వచ్చేసరికి, ఊళ్లో ఉండటం లేదని రాసి తొమ్మిదిమంది జాబ్ కార్డులూ తీసేశారు. చేసేది లేక మళ్లీ ఆ జీడి కార్ఖానాకే పోతున్నారు. దాలమ్మ మొగుడికి డయాలసిస్. ఆసుపత్రి నుంచి వచ్చి సోలిపోయిన మనిషిని ఒంటరిగా వదిలి ఆమె పొద్దున్నే బస్సెక్కాలి. ఊళ్లో పనైతే మధ్యాహ్నానికి ఇంటికొచ్చేస్తుంది. ఆమె అడిగింది అంతే.

సార్ వాళ్ల పక్షానే తేల్చారు. చదివే రోజున ఆయనకి జ్వరం, నన్ను పంపారు. దాలమ్మ నా ఎదురుగా కూర్చుంది. జీడి సొనకి వేళ్లన్నీ నల్లబడి చర్మం లేచిపోయింది. ఆ చేతులు చూశాక మొదటి పేజీ చదవడానికి నోరు రాలేదు. దాన్ని మడిచి బ్యాగులో పెట్టేసి, "మీరు గెలిచారు" అన్నాను.

మర్నాడే తొమ్మిదిమందీ కార్ఖానా మానేశారు. గునపాలు, తట్టలు పట్టుకుని, జీడితోటల పక్కన నీటి గుంటలు తవ్వుతున్న చోటికి పోయారు. హాజరు రాసే మస్టర్లో పేర్లు లేవని ఫీల్డ్ అసిస్టెంట్ అన్నాడు. ఆర్డరున్నాది గదా అని వీళ్లు కొలత వేసుకుని తవ్వడం మొదలెట్టారు. సంగతి తెలిసి, ఒంట్లో ఓపిక లేకపోయినా సార్ నన్ను వెంటబెట్టుకుని వెళ్లేసరికి ఆరు రోజులైంది. అంచులు కత్తితో కోసినంత నీటుగా ఉంది గొయ్యి.

"ఎలాగున్నాది బాబూ మా పని?" అంది దాలమ్మ, చెమట తుడుచుకుంటూ.

సార్ గట్టు మీద కూలబడ్డారు. "బాగున్నాదమ్మా. కానీ మస్టర్ లేని పనికి నాను ఏటీ రాయలేను."

"దేవుడు వరవిచ్చినా పూజారి ఇవ్వనేదంటే ఇదే మరి! గెలిసేరనీసి ఈ పాప సెప్పింది గదా?"

నేను తల వంచుకున్నాను. "తప్పు నాదే తల్లీ. మొదటి పేజీ నానే సదవొద్దన్నాను" అన్నారు సార్.

లేని ఆశ పెట్టకూడదని రోజూ నాకు చెప్పిన మనిషి, నా కోసం అంత అబద్ధమాడేశారు! తిరుగు బస్సు దిగేముందు, "ఆ పేజీ పారీకు. దాసుకో" అన్నారు.

పేర్లు లేకుండా ఆడవాళ్లు తవ్వుతున్నారని చుట్టుపక్కల గగ్గోలయ్యాక అధికారులు దిగివచ్చారు. నెల తిరక్కుండా తొమ్మిది పేర్లూ మళ్లీ ఎక్కాయి. ఆ ఆరు రోజుల చాకిరీ మాత్రం మట్టిలో కలిసిపోయింది. సార్ ఎన్ని ఉత్తరాలు రాసినా లాభం లేకపోయింది.

ఇవాళ కాంప్లెక్సులో దాలమ్మే ఎదురైంది. మొగుడు పోయాడట. ఇన్నేళ్లుగా చెప్పలేకపోయిన మాట చెప్పేశాను. సార్ వద్దనలేదని, ఆ పేజీ నేనే దాచానని. ఆమె నన్ను ఎగాదిగా చూసింది.

"నువ్వు సదివుంటే మేం తవ్వీవోళం కాదు పాపా. తవ్వకపోతే పేర్లొచ్చీవి కావు. మా ఆయన ఆకరి రోజుల్లో నాను ఇంటికాడే ఉన్నాను" అని బస్సెక్కేసింది.

ఇప్పుడు నాది గ్రామ సచివాలయంలో ఉద్యోగం. ఎవరొచ్చినా ముందు నా చేతిలో లేనివే చెబుతాను, సార్ నేర్పినట్టే. కొందరు అది వినగానే లేచి వెళ్లిపోతారు. వాళ్లలో ఎంతమంది తవ్వకుండా ఆగిపోయారో నాకు తెలియదు. సార్‌ని అడుగుదామంటే ఆయన లేరు. ఆ పేజీ మాత్రం ఇంకా నా బ్యాగులోనే ఉంది.