రెండు గంపల వంకాయలు, ఒక రహస్య కాగితం

ఒక వకీలు తన కేసును తానే, అదీ నిండు కోర్టులో, ఎంత చక్కగా ముంచగలడో తెలుసుకోవాలనుకునేవారు ఇలా నా పక్కన కూర్చోండి. కోరుట్ల కోర్టులో ఆ ఘనకార్యం నేను స్వయంగా చేశాను.

అప్పటికి నల్లకోటు తొడిగి ఎనిమిది నెలలు. సిరిసిల్లలో పవర్‌లూమ్ నడిపే మా నాయన ఆ కోటు అంచును రెండు వేళ్ళతో నలిపి చూసి, "గుడ్డ మంచిదే. లోపటోడే ఎట్లుంటడో సూడాలె" అన్నాడు. లోపలివాడు అప్పటికే గాలిలో తేలుతున్నాడు. కారణం ఒక రూలు. మామూలుగా కాగితాలన్నీ ముందే కోర్టులో దాఖలు చేయాలి. కానీ ఎదుటివాళ్ళ సాక్షిని ఎదురు ప్రశ్నలతో క్రాస్ చేసేటప్పుడు చూపించే కాగితాన్ని మాత్రం ముందు ఇవ్వనక్కర్లేదు, అప్పటికప్పుడు తీసి ముఖం ముందు పెట్టవచ్చు. ఆ రూలు చదివిన రోజు నాకు అన్నం సహించలేదు, అంత సంతోషం!

కేసు మేడిపల్లి లక్ష్మవ్వది. తరతరాలుగా కూలికి పోయిన ఇంట్లో మొట్టమొదటిసారి ఆమె పేరున ఎకరం పొలం వచ్చింది. పసుపు వేసింది, పంట తవ్వకానికి వచ్చింది. సరిగ్గా అప్పుడే పక్క పొలం మల్లయ్య బండ్లబాటకు అడ్డంగా కంప వేసి, "ఈడ బాటనే లేదు" అన్నాడు. బాట లేకపోతే బండి రాదు. బండి రాకపోతే ఆమె మొదటి పంట పొలంలోనే పాడైపోతుంది. అయితే, కొన్నేళ్ళ కింద పెద్దమనుషుల ముందు అదే మల్లయ్య బాట ఇస్తానని రాసి సంతకం పెట్టిన కాగితం లక్ష్మవ్వ చీరల పెట్టెలో దొరికింది.

"సారూ, గిది ముందుగాలనే జడ్జి సారుకు ఇస్తే అయిపాయె గద?" అంది లక్ష్మవ్వ.

"అవ్వా, నువ్వు ఊకో, ఎవ్వలకు జెప్పకు. గీ ముచ్చట మా సీనియర్‌కు గూడ చెప్పలే. మల్లయ్య బోనెక్కినంక తీస్త సూడు!"

అవి తెలంగాణ ఉద్యమం రోజులు. కోర్టు గేటు ముందు మా వకీళ్ళ టెంటు, టెంటులో మైకు. కోర్టు బహిష్కరణ లేని రోజున పొద్దున నినాదాలు, తర్వాత వాదనలు. మర్నాడు వంటావార్పు, అంటే నిరసనగా రోడ్డు మీదే అందరూ కలిసి వండుకుని తినడం. ఎవరేం తెస్తారో రాయించి, కోర్టుకు వచ్చిన వాళ్ళందరి చేతా మా గుమాస్తా ఓదెలు సంతకాలు పెట్టించిన జాబితా నా దగ్గరుంది. దానికో అట్ట ఫైలు, రహస్య కాగితానికో అట్ట ఫైలు. రెండూ ఒకే రంగు. అప్పుడే నవ్వకండి, ఇంకా అక్కడిదాకా రాలేదు.

"సారూ, లిస్టు ఇయ్యిన్రి, మైకుల సదువుత" అని ఓదెలు అడిగితే ఒక అట్ట అతని చేతిలో పెట్టి ఠీవిగా లోపలికి నడిచాను. ముందు ఏ కాగితం పెడితే అది గొంతెత్తి చదవడమే తప్ప, అందులో ఏముందో పట్టించుకునే అలవాటు ఓదెలుకు లేదు.

సీనియర్ జగిత్యాల పోయారు. రాజ్యం నాది. మల్లయ్య బోనెక్కాడు. క్రాస్ చేసేటప్పుడు సాక్షి కళ్ళలోకే చూడాలని వారం రోజులు అద్దం ముందు సాధన చేశాను కదా, చూపు తిప్పకుండానే అట్టలోంచి కాగితం లాగి అతనికి అందించాను.

"ఇది మాకు ముందు చూపించలేదు!" అని అవతలి వకీలు లేచాడు.

"చూపించనక్కర్లేదు!" అన్నాను. ఆ మాట కోసమే కదా నేను పుట్టింది!

"ఈ సంతకం మీదేనా?"

"నాదే సార్."

"చదువుకునే పెట్టారా?"

"సదువుకొనే పెట్టిన."

"ఎవరైనా బలవంతం చేశారా?"

"ఎవ్వలు జెయ్యలే సార్. నా సంతోషంతోని పెట్టిన."

లక్ష్మవ్వ వైపు గర్వంగా చూశాను. ఇక చివరి దెబ్బ.

"మరి ఇస్తానన్నది ఇచ్చారా?"

"ఇంకా ఇయ్యలే. రేపు పొద్దుగాల ఇస్త."

"ఏం ఇస్తారో కోర్టుకు గట్టిగా చెప్పండి!"

"రెండు గంపల వంకాయలు సార్."

కోర్టు గొల్లుమంది. జడ్జి గారు కాగితం తెప్పించుకుని, కళ్ళజోడు సవరించుకుని చదివారు. "వకీలు గారూ, ఇందులో మీ పేరు కూడా ఉంది. ఉప్పు, ఒక ప్యాకెట్టు."

నా తెలివి సంగతి సరే, లక్ష్మవ్వ పసుపు కళ్ళ ముందు కదలాడింది. సిగ్గుతో చచ్చిపోయాను. అప్పుడు మోగింది బయట మైకు.

"మేడిపల్లి మల్లయ్య! రాసిచ్చునది ఏమనగా! నా పొలం తూర్పు ఒడ్డెంబడి లక్ష్మవ్వ బండి పోవుటకు బాట ఇడిచిపెడుతున్నా! జై తెలంగాణ!"

"జై తెలంగాణ!" అని టెంటంతా దద్దరిల్లింది.

"అభ్యంతరం సార్!" అని అవతలి వకీలు అరిచాడు. "మైకును నేనెట్ల క్రాస్ చేయాలి?"

జడ్జి గారు నవ్వాపుకుంటూ అటెండరును పంపి ఆ కాగితం తెప్పించారు. ఈసారి నేను దాన్ని ముందూ వెనకా రెండుసార్లు చదివి మరీ మల్లయ్యకు ఇచ్చాను. అతను దాన్ని చూశాడు, కిటికీలోంచి టెంటునూ చూశాడు.

"ఇది గూడ నాదే సార్. గంతమంది జై కొట్టినంక కాదంటే, రేపు ఆ వంకాయలు ఏ మొఖం పెట్టుకొని తేవాలె? బాట ఉన్నది. కంప నేనే తీస్త."

బయటికి వచ్చాక లక్ష్మవ్వ కళ్ళు తుడుచుకుంటూ ఒకటే నవ్వు. "ఎవ్వలకు జెప్పకంటివి సారూ, మా ఇంటాయినెకు గూడ జెప్పకపోతి. నువ్వు కోరుట్ల మొత్తానికి ఇనిపిస్తివి!"

మర్నాడు మల్లయ్య వంకాయలు లక్ష్మవ్వ బండిలో, ఆ బాట మీదుగానే వచ్చాయి. కూర కలుపుతూ ఓదెలు నావైపు చూసి, "ఉప్పు ఏది సారూ?" అని మైకులో అడిగాడు. నిజం చెబుతున్నాను, మర్చిపోయాను.

ఆ పొయ్యి పక్కనే నల్లకోటు మీద చెయ్యేసి ప్రతిజ్ఞ చేశాను. ఇకపై కాగితం చూడకుండా సాక్షి కళ్ళలోకి చూడను. సీనియర్‌కు చెప్పని రహస్యం ఓదెలు చేతిలో పెట్టను. వంటావార్పు ఎక్కడ జరిగినా, సంతకం పెట్టేది ఉప్పు ప్యాకెట్టు జేబులో పెట్టుకున్నాకే.