మోకాలి మీద రెండు వేళ్లు

మా వీధిలో ఎవరూ మెల్లగా మాట్లాడరు. ఇరవై రెండు కొట్లలో పొద్దున్నుంచి సాయంత్రం దాకా రాగి రేకుల మీద సుత్తులు పడుతూనే ఉంటాయి. మంచినీళ్లు కావాలన్నా కేకెయ్యాల్సిందే. అందరూ అరుచుకునే చోట ఒక మనిషికి చెవులు వినపడటం మానేస్తే ఎవరికి తెలుస్తుంది? మా నాన్న సంగతి అలాగే నాలుగేళ్లు దాగింది.

నాన్న మీసాలు రాకముందే సుత్తి పట్టాడు. ఆయన చేసేవి పెద్ద కాగులు. ఒకే రేకుని కొట్టి కొట్టి, ఎక్కడా అతుకు లేకుండా, నేను లోపల కూర్చుంటే తల కూడా కనపడనంత పాత్రని లేపుతాడు. అతుకు వేసి చేసేవాళ్లంటే ఆయనకి చులకన. "అది కాగేంటి, చొక్కా. కుట్టుకొచ్చాడు" అనేవాడు. పని పూర్తయ్యాక అంచు లోపల సన్నటి ఉలితో మూడు చుక్కలు పెట్టేవాడు. పేరు రాయడం ఆయనకి రాదు. ఎప్పుడైనా బజారుకి వెళ్తే దారిలో ఏ హోటల్ ముందో ఆగి, లోపలికి తొంగి చూసి, "అదిగో, మూడు చుక్కలు" అని నాకు చూపించేవాడు. ఆ రోజు ఇంక ఆయన నడకే వేరు.

రాగికి ఒక గుణం ఉంది. కొట్టేకొద్దీ గట్టిపడుతుంది. గట్టిపడగానే ఆపి, కొలిమిలో ఎర్రగా కాల్చి, నీళ్లలో ముంచాలి. అప్పుడు మళ్లీ మెత్తబడి దెబ్బకి లొంగుతుంది. ఆపకుండా కొడితే పగులుతుంది. ఎప్పుడు ఆపాలో చూస్తే తెలియదు, వింటే తెలుస్తుంది. మెత్తటి రేకు మీద దెబ్బ మూట మీద పడ్డట్టు ఉంటుంది. గట్టిపడుతుంటే ఖంగుమంటుంది. ఆ రెండిటికీ మధ్య పది, పన్నెండు దెబ్బలే ఉంటాయి. సుత్తి ఎగిరే తీరుని బట్టి మణికట్టుకి కూడా తెలుస్తుందట. కానీ నాన్న మణికట్టు ఎప్పుడో మొద్దుబారిపోయింది.

నేను ఎనిమిదో తరగతిలో ఉండగా ఆయన చేతిలో వరసగా రెండు కాగులు పగిలాయి. రేకు మంచిది కాదని యజమానికి సర్దిచెప్పాడు. ఇంట్లో మాత్రం, ఆయన గోడవైపు తిరిగి కూర్చున్నప్పుడు, అమ్మ కావాలనే వెనక నుంచి ఒక పళ్లెం నేల మీద పడేసింది. పక్కింటి పసిపిల్ల ఉలిక్కిపడి ఏడుపందుకుంది. నాన్న తిరగలేదు. అమ్మ ఆ పళ్లెం పక్కనే చతికిలబడింది. నాకు అంతకుముందే అనుమానం. ఆయన మా కళ్లలోకి చూడటం మాని పెదవులు చూస్తున్నాడని గమనించాను. చెప్పడానికి నోరు రాలేదు. నాకు ఎప్పుడూ సమయానికి నోరు రాదు.

"నాలుగు రోజులు నాన్న పక్కన కూర్చోవే. ఆ తర్వాత బడికి పోదువుగాని" అంది అమ్మ.

ఆ నాలుగు రోజులు నాలుగేళ్లయ్యాయి.

అందరికీ చెప్పిన పని కొలిమి ఊదడం, పట్టకారు అందించడం. అసలు పని వినడం. శబ్దం మారగానే రెండు వేళ్లు నాన్న ఎడమ మోకాలి మీద పెట్టేదాన్ని. ఆయన వెంటనే ఆపేవాడు కాదు. తనకే తోచినట్టుగా ఇంకో మూడు దెబ్బలు కొట్టి, అప్పుడు లేచి కాగుని కొలిమి మీదకి ఎత్తేవాడు. ఆ మూడు దెబ్బలకీ లెక్క ఉంచుకుని నేను కాస్త ముందే వేళ్లు పెట్టేదాన్ని. వినడం నాకు నాన్న నేర్పలేదు, ఎలా నేర్పుతాడు? ఎదురు కొట్లో మూతలు చేసే మామయ్య ఉండేవాడు. వరసకి కాదు, నాన్నని బావా అంటాడు కాబట్టి మామయ్య. ఆయన సుత్తి ఎప్పుడు ఆపుతాడో, ఆపేముందు మోత ఎలా ఉంటుందో వింటూ కూర్చుని నేర్చుకున్నాను.

యజమానికి తెలిస్తే ఏమవుతుందో మాకు తెలుసు. కొట్టు వెనక ఒక దొడ్డి ఉంది. తయారైన పాత్రల్ని ఆసిడ్ నీళ్లతో కడిగే చోటు. చేతులు వణికేవాళ్లు, చూపు తగ్గినవాళ్లు చివరికి అక్కడ చేరతారు. అక్కడికి వెళ్లినవాళ్లెవరూ మళ్లీ రేకు పెట్టి కొట్టే దాగలి ముందు కూర్చోలేదు. నాన్న ఆ దొడ్డివైపు నీళ్ల కోసం కూడా వెళ్లేవాడు కాదు.

పోయినేడు గొడుగావిడ రావడం మొదలైంది. ఊళ్లో మామూలు పనులు ఎలా జరుగుతాయో చూపించడానికి జనాన్ని నడిపించుకుంటూ తీసుకొస్తుంది. రొట్టెల బట్టీ, చాకలి తొట్లు, కాగితం సంచులు అతికించే ఇళ్లు, ఆ తర్వాత మా వీధి. ఎండ ఉన్నా లేకపోయినా పచ్చ గొడుగు పైకెత్తి పట్టుకుంటుంది, ఎవరూ తప్పిపోకుండా. వచ్చేవాళ్లంతా పరాయి దేశాలవాళ్లేం కాదు. మా ఊరివాళ్లే సగంమంది. నది అవతల ఉంటూ ఇవతల ఏం జరుగుతుందో ఎప్పుడూ చూడనివాళ్లు. నేను తలెత్తేదాన్ని కాదు. చెప్పుల్ని బట్టే మనుషుల్ని గుర్తుపెట్టుకునేదాన్ని.

మొదటిరోజు మామయ్య అటునుంచి అరిచాడు. "బావా! మనల్ని చూడ్డానికి టిక్కెట్టు పెట్టారంట! రేపటినించి తల దువ్వుకుని రా!"

నాన్న ఆ పెదవులు చూసి, "తల మీద ఉంటే కదరా దువ్వేది" అన్నాడు. వీధంతా నవ్వింది.

యజమానికి ఆ నడకలంటే ఇష్టం. వచ్చినవాళ్లలో కొందరు పాత్రలు చేయించుకునేవారు. అందుకని గొడుగావిడకి స్టూలు వేయించేవాడు, చెప్పమన్నవీ చెప్పమననివీ అన్నీ చెప్పేవాడు. ఆవిడ వాటిలోంచి ఒక మాట ఏరుకుంది. ప్రతిరోజూ నాన్న ముందు ఆగి అదే చెప్పేది.

"ఈయన కళ్లు మూసుకుని కూడా కాగు చేయగలరు. రేకు ఎప్పుడు గట్టిపడిందో శబ్దం వింటే చాలు, ఈయనకి తెలిసిపోతుంది. ఈ చెవులకి నలభై ఏళ్ల అనుభవం ఉంది."

అందరూ నాన్న చెవులవైపు చూసేవారు. ఆవిడ ఏదో మంచి మాటే చెబుతోందని నాన్న తలూపేవాడు. నేను నా వేళ్లని పావడా మడతలోకి దాచేసుకునేదాన్ని.

ఆ రోజు వచ్చిన పదకొండుమందిలో ఒకావిడ హోటల్ యజమానురాలు. నున్నటి నల్లచెప్పులు. ఆవిడ చేయించుకుంటున్న కాగే దాగలి మీద ఉంది. ఇరవై రోజుల పని. ఒళ్లంతా పూర్తయి మెడ లోపలికి తిప్పడం ఒక్కటే మిగిలింది. మెడ దగ్గర రేకు అన్నిటికన్నా పలచన. గట్టిపడటానికి ఎంతోసేపు పట్టదు.

గొడుగావిడ ఎప్పటిలాగే తన మాట చెప్పింది. నల్లచెప్పులావిడ ఫోన్ తీసింది.

"అమ్మాయ్, కాస్త పక్కకి లేస్తావా? ఆయన ఒక్కరే ఉంటే ఫొటో బావుంటుంది" అంది గొడుగావిడ. కసిరినట్టు కాదు, ఎంతో ముద్దుగానే.

లేవనని చెప్పొచ్చు. కొలిమి చూసుకోవాలని చెప్పొచ్చు. పదకొండు జతల చెప్పులు నావైపే తిరిగి ఉన్నాయి. లేచాను. లేస్తూ నాన్న మోకాలు తాకుదామనుకున్నాను. ఉత్తినే తాకితే అదే సైగ అనుకుని ఆపేస్తాడేమోనని చెయ్యి వెనక్కి తీసుకున్నాను. అప్పుడే ఆపేసినా ఏం పోయేది కాదు. ఆ సంగతి ఇప్పుడు తెలుస్తోంది.

నన్ను దాటి జనం ముందుకి జరిగారు. నేను గోడకి ఆనుకుని ఉండిపోయాను.

"ఇప్పుడందరూ ఒక్క నిమిషం కళ్లు మూసుకుని వినండి. ఆయన వింటున్నదే మీరూ వింటారు" అంది గొడుగావిడ.

ఫోన్ ఎత్తి పట్టుకున్న నల్లచెప్పులావిడ తప్ప అందరూ కళ్లు మూసుకున్నారు. నాన్న తలెత్తి చూశాడు. అంతమంది కళ్లు మూసుకుని నిలబడటం చూసి ఆయనకి నవ్వొచ్చింది. సుత్తి ఎత్తాడు. ఫొటో తీస్తున్నారు కదా అని ఎప్పటికన్నా బలంగా, ఎప్పటికన్నా తీరుగా కొట్టాడు.

మూట మీద పడ్డట్టు. మూట మీద పడ్డట్టు. ఆ తర్వాత చిన్నగా ఖంగుమంది.

నేను ముందుకి తోసుకుని పోబోయాను. ఎవరిదో వీపు అడ్డొచ్చింది. "అమ్మా, కాస్త" అన్నాను. నా మాట నాకే వినపడలేదు. అరిస్తే నాన్నకి వినపడదు. వినపడేవాళ్లకి మాత్రం ఎందుకు అరిచానో అర్థమైపోతుంది.

ముందు ఆగింది ఎదురు కొట్లో మామయ్య సుత్తి. ఆ తర్వాత పక్క కొట్టు. దాని తర్వాత అవతలిది. శబ్దం హద్దు దాటిపోయిందని అందరికీ వినపడింది. వీధి మొదటి నుంచి చివరిదాకా ఒక్కో సుత్తీ ఆగిపోయింది. నేను పుట్టి పెరిగిన వీధి అంత నిశ్శబ్దంగా ఉండటం నేను ఎన్నడూ చూడలేదు. నాన్న సుత్తి ఒక్కటే మోగుతోంది. ఖంగు, ఖంగు, ఖంగు. నడకకి వచ్చినవాళ్లు ఇదంతా తమకోసమే అనుకున్నారు కాబోలు, కళ్లు మూసుకునే చిరునవ్వులు నవ్వుతున్నారు.

కాగు పగిలింది. అంచు నుంచి కిందికి, జానెడు.

నాన్నకి ఆ చప్పుడు తెలియదు. సుత్తి కింద చీలిక నోరు తెరవడం చూశాకే ఆగాడు. ముందు కాగుని చూశాడు. తర్వాత తన పక్కన ఖాళీగా ఉన్న పీటని చూశాడు. ఆ తర్వాత జనం మధ్యలో నన్ను వెతికాడు.

యజమాని లోపలినుంచి వచ్చాడు. అరుస్తాడనుకున్నాను. అరవలేదు. నాన్న వెనక నిలబడి, ఆయన చెవి దగ్గర గట్టిగా ఒక్క చప్పట్టు కొట్టాడు. నాన్న నావైపే చూస్తున్నాడు.

"ఎన్నాళ్లనుంచి?" అని యజమాని నన్ను అడిగాడు.



"ఏంటండీ ఎన్నాళ్లనుంచి అని అడుగుతారు!" మామయ్య వీధి దాటొచ్చాడు. "ఈ వీధిలో ఎవడికి సరిగ్గా వినపడి చచ్చింది? మా ఆవిడ పిలిస్తే నాకు పదేళ్లనించి వినపడదు!"

ఎవరూ నవ్వలేదు. మామయ్య కూడా. కాగు మెడ మీద చెయ్యి వేసి చూసి, వెళ్లిపోయాడు. నల్లచెప్పులావిడ ఫోన్ సంచిలో పెట్టేసుకుంది. గొడుగావిడ గొడుగు ఎత్తడం మరిచిపోయి ముందుకి నడిచింది. వెనకాలవాళ్లు ఒకరి మొహాలొకరు చూసుకుంటూ వెళ్లారు.

ఇంటికి వచ్చాక నాన్న నన్ను ఒకే ఒక్క మాట అడిగాడు.

"ఎందుకు లేచావమ్మా?"

"ఫొటో తీసుకోవాలన్నారు నాన్నా."

నా పెదవులు చూశాడు. "బాగా వచ్చుంటుంది" అన్నాడు. అంతే.

మర్నాటినుంచి ఆయన్ని దొడ్డిలోకి పంపారు. మూడోరోజు గొడుగావిడ ఒక్కతే వచ్చి యజమానితో మాట్లాడింది. వెళ్తూ నా దగ్గర ఆగింది.

"నాకు ముందే చెప్పుండాల్సింది కదమ్మా" అంది. కళ్లు ఎర్రబడి ఉన్నాయి. "ఆయన్ని చూడాలనే వస్తారు అందరూ. నాన్నగారిని మళ్లీ ముందు కూర్చోబెట్టమన్నాను. ఒప్పుకున్నారు."

తర్వాత తెలిసింది ఏం ఒప్పుకున్నాడో. రోజుకి ఒక గంట, నడకవాళ్లు వచ్చే వేళకి, నాన్న పాత చోట్లో కూర్చుని కొడతాడు. కొట్టడానికి ఆ పగిలిన కాగే. చీలిక గోడవైపు తిప్పి పెడతారు. గంట అయ్యాక మళ్లీ దొడ్డి.

కాగులు ఇప్పుడు ఇంకొకాయన చేస్తున్నాడు, అవతలి కొట్టు నుంచి తెచ్చారు. అతుకు వేస్తాడు. నాకు వినపడుతుంది, నేను చేస్తానండీ అని యజమానికి చెబుదామని రెండుసార్లు గుమ్మం దాకా వెళ్లాను. "నీకింక ఇక్కడ పనేముందమ్మా, ఇంటికి పో" అన్నాడాయన, తలెత్తకుండానే. తిరిగి వచ్చేశాను.

ఆ గంటసేపు మాత్రం వెళ్తాను. నాన్న పక్కన పీట మీద కూర్చుంటాను. ఇప్పుడు నన్నెవరూ లేవమనరు. ఆసిడ్ నీళ్లకి ఆయన వేళ్ల చివర్లు తెల్లగా పొట్టు లేచిపోయాయి. సుత్తి పట్టుకుంటే కనపడదు. కాగుని మెల్లగా కొడతాడు, గట్టిగా కొడితే చీలిక పెరిగి, ఆ ఒక్కటీ కూడా లేకుండా పోతుందని. అది ఎప్పుడో గట్టిపడి ఊరుకుంది, ఎంత కొట్టినా దాని మోత మారదు. నేను వినాల్సింది ఏమీ లేదు.

గొడుగావిడ ఇప్పటికీ అదే మాట చెబుతుంది. శబ్దం వింటే చాలు, ఈయనకి తెలిసిపోతుంది అని. కాకపోతే గొంతు తగ్గించి చెబుతుంది. నావైపు చూడదు. కళ్లు మూసుకోమని మాత్రం ఎవరికీ చెప్పడం లేదు.

గంట అవుతుంది. గొడుగు పైకి లేస్తుంది. చెప్పులన్నీ దాని వెనకాల వీధి చివరికి కదులుతాయి. నాన్న కాగు మెడ మీదే చూపు పెట్టి కొడుతుంటాడు. అందరూ వెళ్లిపోయారని ఆయనకి తెలియదు.

అప్పుడు రెండు వేళ్లు ఆయన మోకాలి మీద పెడతాను.

ఆయన వెంటనే ఆపడు. ఇంకో మూడు దెబ్బలు కొడతాడు.