తాళం వేసిన టవర్ గదిలో పన్నెండు రంగులు

నేను ఫైబర్ కేబుళ్లు అతికే పని చేస్తాను. కేబుల్ ఎక్కడ తెగితే అక్కడికి పోయి, వెంట్రుకంత సన్నటి గాజు పోగులను మిషన్‌లో పెట్టి, కొసకు కొస కరిగించి కలపాలి. మాది ఆదోని దగ్గర పల్లె. కర్నూలులో ఐటీఐ చదివి, పెళ్లయ్యాక కడపకు వచ్చాను. కాంట్రాక్టరు ఇచ్చిన జీపులో జిల్లా అంతా తిరుగుతుంటాను. జీపు నడిపే పిల్లవాడు నన్ను అక్కా అంటాడు.

ఆ ఎండాకాలం మంగంపేట వైపు గుట్ట మీదున్న ఒక టవర్ ఆగిపోయింది. ఆ గుట్ట చుట్టుపక్కల పల్లెలన్నిటికీ అదొక్కటే దిక్కు. టవర్ కింద కిటికీ లేని చిన్న గది, దానికి ఇనుప తలుపు. లోపలికి పోయి పెట్టె తెరిస్తే ఎలుకలు పని కానిచ్చేసి ఉన్నాయి. ఒక గొట్టంలోని పోగులన్నిటినీ మొదలుకంటా కొరికేశాయి.

కేబుల్ లోపల రంగురంగుల గొట్టాలుంటాయి. ఒక్కో గొట్టంలో పన్నెండు పోగులు. వాటి వరస నిద్రలో లేపి అడిగినా చెప్తాను: నీలం, నారింజ, ఆకుపచ్చ, గోధుమ, బూడిద, తెలుపు, ఎరుపు, నలుపు, పసుపు, ఊదా, గులాబీ, చివరికి లేత సముద్రపు రంగు. గొట్టాలకూ అదే వరస. ఆ టవర్‌కు వెలుగు మోసేవి రెండో గొట్టంలో, అంటే ఎలుకలు కొరికిన నారింజ గొట్టంలో, గోధుమ పోగూ బూడిద పోగూ. మిగతావి ఖాళీ. ఈ రెండూ అతికితే టవర్ లేస్తుంది.

వెలుగు కొలిచే పరికరం ఆ రోజు హైవే మీద పనిచేస్తున్న ఇంకో జట్టు దగ్గర ఉంది. డ్రైవరు తెస్తానన్నాడు.

"బయటినుంచి తాళమేసి పోతా అక్కా. ఒక్కదానివే ఉండావు, ఈడ ఎవురొస్తారో ఎవురు పోతారో. సారు గూడా అదే చెప్పినాడు."

టవర్ల దగ్గర బ్యాటరీల దొంగతనాలు ఎక్కువ. కాంట్రాక్టరుకు బ్యాటరీల భయం, డ్రైవరుకు నా గురించి భయం. రెండిటికీ ఒకటే తాళం. నాకు ఇష్టం లేదు, కానీ పని తొందరలో సరే పో అన్నాను. తాళం పడిన చప్పుడు, జీపు గుట్ట దిగిన చప్పుడు వినపడ్డాయి.

కాసేపటికే కరెంటు పోయింది. బల్బూ ఏసీ రెండూ ఆగిపోయాయి. బ్యాటరీల మీద నడిచే టవర్ పరికరంలో, కేబుల్ వెలుగు అందడం లేదని చెప్పే ఎర్రటి చుక్క ఒక్కటే వెలుగుతోంది. ఫోన్ తీశాను. సిగ్నల్ లేదు. ఎలా ఉంటుంది, ఆ టవరే కదా సిగ్నల్ ఇవ్వాల్సింది! ఛార్జింగు కూడా కొంచెమే మిగిలింది. టార్చి వేసి ఆ కాస్తా ఖర్చు చేస్తే, టవర్ లేచినా ఎవరికీ చెప్పలేను. టార్చి వేయకుండానే జేబులో పెట్టుకున్నాను.

ఎండకు తలుపు కాలిపోతోంది. గదిలో గాలి బరువెక్కింది. కేకలేశాను, తలుపు బాదాను, చెయ్యి చుర్రుమంది. డ్రైవరు వస్తాడని చాలాసేపు చూశాను. రాలేదు. అతనికి ఏదైనా అయి ఉంటే, నేనిక్కడ చిక్కుకున్నానని ఇంకెవరికీ తెలియదన్న ఆలోచన వచ్చింది. గోడకు ఆనుకుని కూలబడ్డాను. ఊపిరి ఆడుతూనే ఉంది, అయినా ఆడడం లేదనిపించింది.

చేతులకు పని చెబితే తప్ప మనసు నిలవదని తెలిసి, పోగులు అతికే స్ప్లైసింగ్ మిషన్ తెరిచాను. దానికి చిన్న పసుపు దీపం ఉంటుంది. ఆ వెలుతురులో నారింజ గొట్టం కనుక్కున్నాను కానీ, పోగుల దగ్గర చిక్కు వచ్చింది. గోధుమ ఏదో ఎరుపు ఏదో తెలియలేదు. బూడిద, తెలుపు ఒకేలా ఉన్నాయి. ఒకదాన్ని అతికి చూసి, కాకపోతే ఇంకోటి అతుకుదామా అంటే, ఎలుకలు మిగిల్చింది జానెడు కూడా లేదు. తప్పు పోగు మీద సమయమూ పోతుంది, మిషన్‌లో ఛార్జింగూ పోతుంది.

తలుపు కింద వేలెడు సందులో ఎండ కనపడుతోంది. పెట్టెను గోడనుంచి విప్పి, కేబుల్ వచ్చినంత దూరం ఈడ్చి, నేలమీద బోర్లా పడుకుని పోగుల్ని వేళ్లతో ఆ సందు దగ్గర పట్టుకున్నాను. ఎండలో రంగులు విడివిడిగా కనబడ్డాయి. అంతలో వెలుగు మాయమైంది.

"ఏందమ్మే ఆ యేళ్లు? ఎవురు లోపల?" ముసలి గొంతు. వెనక మేకల అరుపులు.

"అవ్వా! తాళమేసి పోయినారవ్వా. రాయి తీసుకోని పగలగొట్టు!"

ఆమె గొంతు తగ్గించింది. "నేను ముట్టనమ్మే. పోయినేడు ఈడ బ్యాటరీలు పోతే, మేకలు మేపేటోళ్లని నా కొడుకునే పట్టకపోయి టేసన్లో కూసోబెట్టిరి."

"నేనే పగలగొట్టమన్న్యానని చెప్తానవ్వా!"

"నువ్వు లోపలుండావు. నన్ను జూసేటోళ్లు బయటుంటారు."

కోపంతో తలుపును తన్నాను. ఏడుపు వచ్చింది. ఊర్లోంచి ఎవరినైనా పిలుచుకురమ్మంటే, గుట్ట దిగి ఎక్కే మోకాళ్లు కావన్నది, మేకలను వదిలితే కుక్కలు పడతాయన్నది. కానీ పోలేదు. ఏదో చప్పుడైంది. సందులోంచి తడిపిన చీర చెరగు ముక్క ఒకటి లోపలికి వచ్చింది.

"మొగం మింద ఏసుకో. నేనీడనే ఉంటా."

ఆ తడిబట్ట మెడకు చుట్టుకున్నాక ఊపిరి కాస్త నెమ్మదించింది.

"అవ్వా, రవ్వంత పక్కకు జరుగు. వెలుగుకు అడ్డమొస్తాండావు."

"ఏం జేస్తాండావు వెలుగుతో?"

"రంగులు చూస్తాండా. మట్టి రంగుది ఒకటి, బూడిద రంగుది ఒకటి గావాల."

"రంగుల్దేముందమ్మే, నిదానంగా జూడు. యాడికీ పోవుగా అయి," అంటూ ఆమె జరిగి కూర్చుంది.

గోధుమ, బూడిద పోగులను విడదీసి, పైపూత ఒలిచి, స్పిరిట్‌తో తుడిచి, కొసలు కోసి మిషన్‌లో పెట్టాను. చెమట కళ్లలోకి కారుతోంది. రెండు అతుకులూ పడ్డాయి. పోగులకు అతికిన కొత్త తోకల్ని, అంటే కొసకు గుచ్చే మూతి ఉన్న పొట్టి తీగల్ని, టవర్ పరికరంలోకి గుచ్చాను. ఎర్ర చుక్క అలాగే ఉంది.

ఆ క్షణం అంతా అయిపోయిందనుకున్నాను. రంగులు తప్పు చూశానా? మళ్లీ విప్పి చూసే ఓపిక లేదు. తడిబట్ట కళ్లమీద పెట్టుకుని అలాగే కూర్చున్నాను. బయట అవ్వ మేకను తిడుతోంది. ఆ తిట్లు వింటుంటే భయం కొంచెం తగ్గింది. తోకల్ని ఒకదాని తర్వాత ఒకటి తీసి మళ్లీ ఎండ దగ్గరికి తెచ్చాను.

ఒకదాని మూతి నీలం. రెండోదాని, అంటే బూడిద పోగుకు అతికినదాని, మూతి ఆకుపచ్చ. నీలం మూతి కొస తిన్నగా ఉంటుంది, ఆకుపచ్చది ఏటవాలుగా కోసి ఉంటుంది. ఆ రెండింటికీ పొసగదు, మధ్యలో సందు పడి వెలుగు కారిపోతుంది. పరికరంలోవి రెండూ నీలం గుంటలే. చీకట్లో సంచిలో చెయ్యి పెట్టి తడిమి తీసినప్పుడు ఆకుపచ్చది వచ్చింది. సంచిలో ఇంకో నీలం తోక లేదు. పరికరం వెనక ఎవరో వదిలేసిన పాత పసుపు తీగ ఒకటి వేలాడుతోంది, రెండు కొసలా నీలం మూతులే. దాన్ని మధ్యకు కోసి, తొడుగు ఒలిచి, బూడిద పోగుకు మళ్లీ అతికాను. ఈసారి గుచ్చగానే ఎర్ర చుక్క ఆరిపోయి, పచ్చ చుక్క ఆడడం మొదలుపెట్టింది.

కాసేపటికి జేబులో ఫోన్ వరసగా మోగింది. డ్రైవరుకు చేశాను. గనుల్లోంచి ముగ్గురాయి మోసే టిప్పరు లారీకి దారివ్వబోయి జీపు గుంతలో దిగబడిందట. సిగ్నల్ లేక తనూ అక్కడే చిక్కుకున్నాడు. ఎవరి బండో ఎక్కి, పొద్దు గుంకే వేళకు వచ్చాడు. అతని మొదటి మాట నాతో కాదు.

"ఏం పని నీకీడ? తలుపు కాడ ఏం జేస్తాండావు?"

అవ్వ లేచి గబగబా మేకల్ని అదిలించుకోవడం వినిపించింది. నేను లోపలినుంచే అరిచాను. "ఆమెనేమీ అనొద్దు! ముందు తాళం తియ్యి."

బయటికి వచ్చేసరికి ఆమె గుట్ట మలుపు దాకా పోయింది. వెనక్కి తిరిగి ఒకసారి చెయ్యెత్తింది. ఆమె ముఖం నేను సరిగ్గా చూడలేదు.

కాంట్రాక్టరు "నీ బాగుకే కదమ్మా ఏయించింది" అన్నాడు. "నా బాగుకైతే తాళంచెవి నా దగ్గరే పెట్టండి, లోపల గడియ పెట్టించండి, లేకుంటే నేను పోను" అన్నాను. గడియలు ఇంకా పెట్టించలేదు. తాళంచెవి మాత్రం అప్పటినుంచి నా దగ్గరే ఉంటోంది.

ఇంట్లో ఎవరికీ ఏమీ చెప్పలేదు. కానీ స్నానాల గది తలుపు గడియ పెట్టలేకపోయాను. మా అత్త గమనించింది, ఎందుకని అడగలేదు. నేను స్నానానికి పోయినప్పుడల్లా బియ్యం చేట తెచ్చుకుని, ఆ తలుపుకు వీపు ఆనించి కూర్చునేది. బియ్యంలో రాళ్లు ఏరుతూ, పక్కింటివాళ్ల సంగతులు గట్టిగా చెప్పేది. నేను లోపల ఊ కొట్టేదాన్ని.