తడిగుడ్డలో ఎద్దు

మా డ్రాయింగు అయ్యవారు పోయారని పోయిన నెల ఆళ్లగడ్డ నుంచి వచ్చిన పాత విద్యార్థి బడి వరండాలో చెప్పాడు. ఆ పూట నేను లెక్కలు చెప్పలేకపోయాను.

నంద్యాల బడిలో ఇద్దరం కలిసి పనిచేశాం. ఆయన దగ్గర కుందూ ఒడ్డున తెచ్చుకున్న మట్టిముద్ద ఒకటి ఉండేది. దాంతోనే రోజుకో బొమ్మ చేసి, సాయంత్రానికి చెరిపేసి, తడిగుడ్డలో చుట్టి పెట్టేవారు. పిల్లలు అయ్యో అంటే నవ్వేవారు. "చెరిపేదానికి గూడా చేసేటంత ఓపిక గావాలప్పా," అనేవారు.

బొమ్మను కదిలించాలని ఆయనకు పిచ్చి. యుద్ధం రోజులు, ఫిలిం దొరకదు. అందుకని నోటుబుక్కు పట్టుకున్నారు. నేను మట్టి ఎద్దు కాలు గోరంత జరిపితే ఆయన దాన్ని ఒక కాగితం మూలన గీసేవారు. మళ్లీ జరపడం, మళ్లీ గీయడం. కాగితాలు గబగబా వదిలితే ముద్దలోంచి ఎద్దు లేచి నడిచేది. నడిచి నడిచి చివరికి మళ్లీ ముద్ద కావాలి. అదీ ఆయన కథ.

సరిగ్గా అక్కడే నేను బుద్ధి తక్కువ పని చేశాను. ఆ ఎండాకాలమే కోయిలకుంట్లలో మా ఇంటి ఎద్దు చచ్చిపోయింది. ఈ మట్టి ఎద్దు అచ్చం దానిలాగే మెడ వంచేది. దాన్ని నలపడానికి నాకు చేతులు రాలేదు. ఆయనకు చెప్పకుండా కుమ్మరి ఆవంలో కాల్పించాను.

ఆయన దాన్ని గోటితో తట్టి చూశారు.

"ఇంగ ఇది ఇంకోటి కాలేదు గదప్పా."

నేను తల వంచుకున్నాను.

"ఉండనీలే. నీకు ఉంచుకోవాలనిపిచ్చింది," అని దాన్ని నా చేతిలోనే పెట్టారు. ఆ మాటకు ఇప్పటికీ మనసులో దణ్ణం పెట్టుకుంటాను.

ఆయన ఉద్యోగం చాలించి ఆళ్లగడ్డ పోతూ నోటుబుక్కు నాకిచ్చారు. ఎద్దు మళ్లీ ముద్ద కావాల్సిన చివరి ఇరవై కాగితాలు ఖాళీ. ఎప్పుడు కలిసినా ఒకటే ప్రశ్న.

"ఎద్దు యాడికొచ్చిందప్పా?"

"నడుస్తానే ఉంది అయ్యవారూ."

ఇద్దరం నవ్వుకునేవాళ్లం. నిజానికి నేను ఆ పుస్తకం తెరవనేలేదు.

కబురు విని ఆళ్లగడ్డ పోతే ఆయన భార్య తడిగుడ్డ మూట తెచ్చి ఇచ్చింది. "నీకోసరమే మళ్లీ చేసినాడు నాయనా. ఎండిపోకుండా రోజూ నేనే తడుపుతాండా."

విప్పితే అదే ఎద్దు, అదే మెడ. మూపు మీద ఆయన బొటనవేలి ముద్ర.

రోజూ బడి వదిలాక గోరంత వంచి ఒక కాగితం గీస్తున్నాను. నా గీతలు వంకరే. అయినా మోకాళ్లు వంగాయి, తల నేలకానింది, పొట్ట ముద్దలో కలిసింది. ఇంక ఒక్క కాగితమే మిగిలింది. మూపు మీద ఆయన వేలిముద్ర ఇంకా తడిగానే ఉంది.