అక్క సినిమాలో అక్క మొహం లేదు

పెళ్ళయిన కొత్తలో కుట్టుమిషన్ ముందు కూర్చున్న మనిషి ఇప్పటికీ లేవలేదు. అందరికీ ఆమె టైలరమ్మ. వీధిలో సగం మంది ఆమె కుట్టిన బట్టల్లోనే తిరుగుతారు, ఆమెని మాత్రం తలెత్తి చూసే నాథుడు లేడు. అందుకే తమ్ముడొచ్చి "అక్కా, నీ మీద సినిమా తీస్తా" అనేసరికి ఆమె కాళ్ళు నేల మీద నిలవలేదు.

ఆ తమ్ముడికి గోడ డైరెక్టరని పేరు. మొదటి సినిమాలో తడిసిన గోడ ఆరడం తప్ప ఇంకేమీ లేదు మరి! నటులుండరు, పాటలుండవు. స్టార్ట్ అనడు, కట్ అనడు. కెమెరా ఓ మూల పెట్టి, దాని సంగతి మనిషి మరిచిపోయేదాకా గోళ్ళు గిల్లుకుంటూ కూర్చుంటాడు. ఇంకో పిచ్చి కూడా ఉంది. తీసింది ముందు ఆ మనిషికే చూపిస్తాడు. వద్దంటే అక్కడికక్కడే చెరిపేస్తాడు, నకలు కూడా ఉంచుకోడు. తాళాలు బాగుచేసే ఒకాయన తన మీద తీసింది చూసి తల అడ్డంగా ఊపాడని ఏడాది కష్టం గంగలో కలిపేశాడు.

టైలరమ్మ బీరువాలోంచి మంచి చీర తీసి కట్టుకుని, పౌడర్ దట్టించి, బిగుసుకుని కూర్చుంది.

"తియ్యవేంరా?"

"నువ్వు పని చూసుకో అక్కా."

కొన్నాళ్ళకి ఆమెకి విసుగొచ్చింది. పాత నైటీ వేసుకుని, జుట్టు ముడేసి, వాణ్ణి తిట్టుకుంటూ పనిలో పడింది. వాడు తీసింది అప్పుడే.

చూపించే రోజు మిషన్ గదిలోనే గోడకి తెల్ల దుప్పటి కట్టాడు. దాని మీద చేతులు. ఎంతసేపు చూసినా చేతులే.

"నీ మొహమేదే?" అన్నాడు ఆమె మొగుడు.

టైలరమ్మకి ఒళ్ళు మండిపోయింది. "ఇందుకేనా నన్ను అన్నాళ్ళు కూర్చోబెట్టావు? చెరిపెయ్!"

తమ్ముడి మొహంలో నెత్తుటి చుక్క లేదు. అయినా వాదించలేదు. "అలాగే అక్కా. ఇంకొంచెమే ఉంది, చూసెయ్."

దుప్పటి నిండా జారుడు గుడ్డ పరుచుకుంది. సూది దిగే ముందు ఎడమ బొటనవేలు గుడ్డని ఒక్కసారి నిమిరింది, జ్వరమొచ్చిన పిల్ల నుదురు నిమిరినట్టు. గుడ్డ కుదురుకుంది. అప్పుడు సూది. మళ్ళీ నిమరడం, మళ్ళీ సూది. మిషన్ చప్పుడంతా తీసేశాడు వాడు. మిగిలింది ఆమె ఊపిరొక్కటే. కుట్టు పడేదాకా బిగబట్టి, పడ్డాక మెల్లగా వదులుతోంది. గది గదంతా ఆమెతో పాటు ఊపిరి తీస్తున్నట్టుంది.

టైలరమ్మ దుప్పటి వైపు వంగింది. ఇన్నేళ్ళుగా ఆ చేతులు తనవే. ఆ నిమరడం మాత్రం ఆమె కంట ఎన్నడూ పడలేదు.

"నేనిలా చేస్తానా?"

"నన్నొక్కసారైనా అలా నిమిరావా?" మొగుడు గొణిగాడు.

"మీరు కాసేపు నోర్మూసుకోండి."

బొమ్మ ఆగిపోయింది. తమ్ముడు మాట ప్రకారం చెరిపేద్దామని బటన్ వైపు వేలు చాపాడు.

"తియ్యరా చెయ్యి! చెరిపావంటే తాట తీస్తా." కళ్ళు తుడుచుకుని కుర్చీ ముందుకి లాక్కుంది. "మళ్ళీ వెయ్యి. ఈసారి మీ బావని బయట కూర్చోబెట్టి."