పుర్రెల పెళ్ళికి జోలపాట

పియానో మాస్టారికి లోకంలో నచ్చినవి బహు తక్కువ. వీధిలో ఎవరైనా మైకు పెడితే ఠపీమని కిటికీ మూసేవాడు. రేడియోలో పాట వస్తే పాడినవాణ్ణి, రాసినవాణ్ణి, వింటున్నవాణ్ణి కలిపి తిట్టేవాడు. తన దగ్గర నేర్చుకునే పిల్లలు వాయిస్తున్నంతసేపూ పంటినొప్పి వచ్చినట్టు చెంప పట్టుకొని కూర్చునేవాడు. ఒకావిడ "మా అమ్మాయికి సంగీతం వస్తుందంటారా మాస్టారూ?" అని ఆశగా అడిగితే, "కుట్టుమిషను కొనిపెట్టండి" అన్నాడు. ఆవిడ బట్టలు కుట్టుకునే బతుకుతోంది. ఆ సంగతి ఆయనకు తెలియదు. తెలిసినా నాలుక కరుచుకునే రకం కాదు. వీధిలో ఆయన్ను అందరూ మూతివిరుపు మాస్టారనేవారు.

ఆయన మెచ్చేది జాజ్ ఒక్కటే. ఉన్న పాటను పట్టుకొని, వాయించేవాడు తనకు బుద్ధి పుట్టినట్టు సాగదీసి, విరిచి, మళ్ళీ అతికించే సంగీతం అది. అందులోనూ చచ్చిపోయినవాళ్ళనే మెచ్చేవాడు. బతికున్నవాళ్ళలో జాజ్ తెలిసినవాడు ఒక్కడే మిగిలాడని ఆయన గట్టి నమ్మకం. ఆ ఒక్కడు ఎవరో వేరే చెప్పాలా?

ఆయన బృందంలో మరో ఇద్దరు. మనిషంత ఎత్తున్న డబుల్ బేస్ అనే తీగవాద్యాన్ని వాటేసుకొని వాయించేవాడు స్వయానా బావమరిది. పగలు ఇన్సూరెన్సు పాలసీలు అంటగట్టేవాడు, సాయంత్రం బావగారి తిట్లు తినేవాడు. డ్రమ్ములవాడు డ్రైవింగ్ స్కూల్లో మాస్టరు. రోజంతా కొత్తవాళ్ళ పక్కన ప్రాణాలు అరచేతిలో పెట్టుకొని కూర్చున్నందుకు సాయంత్రమయ్యేసరికి ఎవర్నో ఒకర్ని కొట్టాలనిపించేది. డ్రమ్ములున్నాయి కాబట్టి సరిపోయింది.

ముగ్గురూ ఒక హోటల్లో వారానికోసారి వాయించేవారు. వాయించేవారంటే, జనం తింటూ ఉంటే వీళ్ళు మూలన ఉండేవారు. ఒక సాయంత్రం నల్లచొక్కాల గుంపొకటి దిగింది. చొక్కాల మీద పుర్రెలు, చేతులకు మేకుల పట్టీలు. అందులో ఒకడు "పుర్రెల పెళ్ళి వాయించండి సార్!" అని కేకేశాడు. గిటార్లు రంపాల్లా కోస్తుంటే పాడేవాడు ప్రాణం పోతున్నట్టు అరిచే హెవీ మెటల్ పాట అది. బావమరిదికి కుర్రతనంలో నోటికొచ్చిన పాటే. బాణీ బావ చెవిలో వేశాడు.

మాస్టారికి ఒళ్ళు మండింది. ఈ పాటలో ఏమీ లేదని వీళ్ళకు చూపించాలనుకున్నాడు. చేతిరుమాలుతో పియానో మెట్లు తుడిచాడు. కళ్ళు మూసుకొని, నిశ్శబ్దం కోసం వేలు పైకెత్తాడు. తరవాత ఆ చావుకేకల పాటను పసిపాపను ఊయలలో పడుకోబెట్టే జోలపాటలా వాయించాడు. పాటగాడు గొంతు చించుకునే చోట చిటికెన వేలితో ఒకే ఒక్క మెట్టు, అదీ నొక్కీ నొక్కనట్టు తాకాడు. మొహంలో నవ్వు జాడైనా లేదు.

నల్లచొక్కాలు కడుపు చెక్కలయ్యేలా నవ్వారు. తినేవాళ్ళు తిండి ఆపి నవ్వారు. ఏళ్ళ తరబడి ప్రాణం పెట్టి వాయిస్తే కన్నెత్తి చూడని జనం, వెక్కిరిస్తే లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. జనం సంగతి అంతే. వాళ్ళనని ఏం లాభం?

అక్కడినుంచి వెనక్కి చూసింది లేదు. ఊరూరా పిలుపులే. ఎముకలు విరిచే పాటను సుతారంగా పూలకుండీకి నీళ్ళు పోస్తున్నట్టు వాయించడం, రక్తాలు తాగే పాటను ఆవలిస్తూ వాయించడం, ఇదీ వరస. వాయిస్తున్నంతసేపూ ముగ్గురిలో ఎవరూ నవ్వకూడదు. డ్రమ్ములవాడు నవ్వాపుకోలేక లోపల చెంప కొరుక్కునేవాడు. మాస్టారికి ఆ అవస్థ లేదు. చేతిరుమాలు, మూసిన కళ్ళు, ఎత్తిన వేలు ఆయన సహజ లక్షణాలు. ఆయన ఎంత గంభీరంగా ఉంటే జనం అంత పగలబడి నవ్వేవారు. చివరికి ఆయన రుమాలు తీస్తే చాలు, హాలు ఇకిలించడం మొదలుపెట్టేది. "గొర్రెల మంద!" అని తెరవెనక ఈసడించుకునేవాడు. మళ్ళీ వెళ్ళి ఆ మందకే వంగి దండం పెట్టేవాడు.

ఇంత అసహ్యం నిండిన మనిషిలోనూ ఒక మూల ఖాళీగా ఉండేది. అందులో ఆయన భార్య ఉండేది.

ఆవిడ కళ్ళజోళ్ళ షాపులో పనిచేసేది. ఎప్పుడో బస్సులోంచి పడి మోకాలు చెడింది. ఒక కాలు బరువుగా పడుతుంది, ఇంకోటి తేలిగ్గా. దాని గురించి ఎవరైనా అడిగితే మాట మార్చేస్తుంది. ఫొటోలన్నిటిలోనూ కూర్చునే ఉంటుంది. లిఫ్టు లేని ఒక మేడలో పై అంతస్తు వాళ్ళ ఇల్లు. రోజూ సాయంత్రం మెట్ల మీద ఆ అడుగులు వినబడతాయి. ఒకటి బరువుగా, కాస్త ఆగి ఒకటి తేలిగ్గా. ఆ చప్పుడు వినబడగానే మాస్టారికి ప్రాణం లేచొచ్చేది. పాఠం మధ్యలో ఆపి వెళ్ళి తలుపు తీసి, "ఇంతసేపా?" అని విసుక్కునేవాడు. నోరు తిట్టడానికే అలవాటు పడిపోయింది. ఇంకో మాట రాదు.

రాని మాటను ఆయన బాణీగా కట్టాడు. ఆవిడ షాపులో ఉన్న వేళల్లో, ఏళ్ళు పట్టి కట్టాడు. ఎడమచేతిలో ఆవిడ అడుగులు, కుడిచేతిలో తలుపు దగ్గర నిలబడ్డ తను. అది ఆవిడకు వినిపించాలి. అందరి ముందూ వినిపించాలి. అంతకు మించి ఆయన దేన్నీ కోరుకోలేదు.

ఆదివారం మధ్యాహ్నం పెద్ద హాల్లో కార్యక్రమం కుదిరింది. భార్యను ముందు వరసలో కూర్చోబెట్టాడు. తెరవెనక బావమరిది నసిగాడు.

"బావా, నీ పాటకు ముందు జనానికో మాట చెప్పు. ఇది జోక్ కాదు, సొంత పాట అని."

"చెప్పి వినిపిస్తే అదేం సంగీతంరా? చెవులున్నవాడికి తెలుస్తుంది."

"వాళ్ళకు చెవులున్నాయని నువ్వెప్పుడన్నావు బావా?"

"నోర్ముయ్" అన్నాడు మాస్టారు. అసలు సంగతి, చెప్పాలంటే ఎవరికోసం కట్టాడో కూడా చెప్పాలి. అంత సిగ్గు విడిచే గుండె ఆయనకు లేదు.

పుర్రెల పెళ్ళి అయింది. హాలు ఊగిపోయింది. తరవాత ఆయన రుమాలు తీశాడు. జనం కిసుక్కుమన్నారు. పియానో మెట్లు తుడిచాడు. కళ్ళు మూసుకున్నాడు. వేలెత్తాడు. హాలంతా ఘొల్లుమంది. జీవితంలో మొదటిసారి ఆయన నిజంగా నిశ్శబ్దం అడిగాడు, అది అడిగే తీరును ఆయనే ఎప్పుడో అమ్మేసుకున్నాడు.

మొదలుపెట్టాడు. ఎడమచేతిలో ఒక బరువైన స్వరం, కాస్త ఆగి ఒక తేలికపాటి స్వరం. ఆ ఆగిన చోట ఎవడో పకపక నవ్వాడు. మాస్టారు ఇంకా మనసు పెట్టి వాయించాడు. ఇంకా నవ్వారు. ముందు వరస నల్లచొక్కా ఒకడు హుషారెక్కి బాణీతో పాటు కాళ్ళు నేలకేసి కొట్టాడు. ఒకటి బరువుగా, ఒకటి తేలిగ్గా. పక్కవాడు అందుకున్నాడు. కాసేపటికి హాలు హాలంతా కుంటుతోంది.

మాస్టారు కళ్ళు తెరిచి భార్యవైపు చూశాడు. ఆవిడ నవ్వడం లేదు. ఆ అడుగులు ఎవరివో ఆవిడకు తెలిసిపోయింది. రెండు చేతులతో చేతిసంచిని మోకాళ్ళ మీద అదిమి పట్టుకొని, తల వంచుకొని కూర్చుంది. ఆయన నిలువునా నీరైపోయాడు. అయినా ఆపలేదు. ఇంకెలా చెప్పాలో తెలియక చివరిదాకా వాయించాడు.

తెరవెనకకు ఆ నల్లచొక్కావాడు కళ్ళు తుడుచుకుంటూ వచ్చాడు. "అన్నిటికన్నా అదే అదిరింది సార్! కుంటి నడక పెట్టారు చూడండి, చచ్చిపోయాం! అసలు పాట ఏ బ్యాండ్‌ది?"

మాస్టారు తలెత్తి చూశాడు. వాడి వెనకే ఆవిడ నిలబడి ఉంది. బావమరిది వాణ్ణి భుజం పట్టుకొని బయటికి తీసుకెళ్ళాడు.

"ఊళ్ళో పాటలన్నీ అయిపోయాయా?" అంది ఆవిడ నెమ్మదిగా. "నా కాలు దాకా వచ్చారు."

"అది వెక్కిరింపు కాదే. నీకోసం కట్టాను. నిజంగా."

ఆయన ఆ మాట ఎన్నడూ లేనంత గంభీరంగా అన్నాడు. ఆవిడ ఆ మొహంలోకి చాలాసేపు చూసింది. ఊళ్ళన్నీ చూసి నవ్విన మొహమే అది.

"ఆ మొహం నా దగ్గర పెట్టకండి" అంది.

ఇద్దరూ ఇల్లు చేరారు. మెట్ల దగ్గర ఆవిడ ఆగిపోయింది.

"మీరు ముందు ఎక్కండి. నేను వస్తాను."

ఆయన పైకెళ్ళి, తలుపు తీసిపెట్టి, గుమ్మం లోపల కుర్చీలో కూర్చున్నాడు. చెవులు రిక్కించి కూర్చున్నాడు. కింద ఎవరో తలుపు వేశారు. నీళ్ళ మోటారు ఆగిపోయింది. మెట్ల మీద ఏ చప్పుడూ లేదు. రాదేమోనని భయం పట్టుకొని లేవబోతుంటే, ఆవిడ గుమ్మంలో కనబడింది. చెప్పులు చేత్తో పట్టుకొని, ఉత్తి కాళ్ళతో ఎక్కి వచ్చింది.