నూటికి ముప్పై

పోయిన నెల జనగామలో నా కుడి కంటికి శుక్లం తీశారు. ఒక రోజంతా కంటికి పట్టీ ఉంచుకోమన్నారు. నేనింకా ముసలిదాన్ని కాలేదని కూతురికి చూపించాలని, ఇంటికి రాగానే నా చాయ్ నేనే వంపుకున్నాను. ధార కప్పు పక్కనుంచి పోయి బల్లమీద పడింది. రెండోసారి ఇంకా జాగ్రత్తగా వంపాను, ఈసారి సాసరు నిండింది. కూతురు నవ్వింది, నేనూ నవ్వాను. బల్ల తుడుస్తుంటే మాత్రం చిన్నాయిన గుర్తొచ్చి చెయ్యి ఆగిపోయింది. నేను ఒక్క పూట పడిన అవస్థలో ఆయన ఏళ్ల తరబడి బతికాడు. ఆ అవస్థ నూటికి ఎంతో తేల్చే చోట నేనూ ఒకసారి సాక్షిగా నిలబడ్డాను.

చిన్నాయిన అంటే మా నాన్న తమ్ముడు. పెద్దవంగర దగ్గర మా ఊరు. ఊరి పక్కన గ్రానైటు క్వారీలో ఆయన క్రేను నడిపేవాడు. నాన్న పోయాక నన్ను బీఈడీ దాకా చదివించింది ఆ క్రేనే. ఇంట్లో మంచినీళ్ల బిందె దించమంటే సగం ఒలకబోసే మనిషి, క్రేను ఎక్కితే మాత్రం ఇంటిగోడంత బండను నిద్రపోయే పిల్లను తొట్లో వేసినంత మెల్లగా లారీలో దించేవాడు. మధ్యాహ్నం సద్ది పట్టుకుపోయినప్పుడు కింద నిలబడి చూసేదాన్ని. ఆయన కళ్లు బండమీద ఉండేవి కాదు, బండకూ లారీకీ మధ్యనున్న ఖాళీ మీద ఉండేవి. నాకు బడిలో ఉద్యోగం వచ్చిన రెండేళ్లకు, ఒక ఎండపూట ఇనుప తాడు తెగింది. దాని ముక్క ఎగిరొచ్చి ఆయన ఎడమ కంట్లో కొట్టింది. గుడ్డు నిలిచింది కానీ చూపు పోయింది. కుడి కన్ను బాగుంది కాబట్టి అదృష్టవంతుడివని దవాఖానలో అన్నారట. ఆయన తల ఊపి వచ్చాడు.

క్వారీ వాళ్లమీద పరిహారం కేసు వేశాం. ఒక కంటి చూపు పోయి, రెండోది బాగుంటే నూటికి ముప్పై అని చట్టంలో పట్టిక ఉంది. మా వకీలు సాబు ఓపికగా చెప్పాడు: "ముప్పై అనేది ఒంటికైన నష్టానికి అమ్మా. సంపాదనకు ఎంత పోయిందనేది వేరే ముచ్చట. దూరం అంచనా తెల్వనోడు క్రేన్ల కూసుంటే కింద మనుషులు సస్తరు. అంటే ఈయన పని నూటికి నూరు పోయినట్టే. గది మనం రుజువు చెయ్యాలె."

కేసు నడుస్తుండగానే ఒక పొద్దున మా నాయనమ్మకు, అంటే చిన్నాయిన తల్లికి, ఊపిరి ఆడలేదు. అంబులెన్సు ఎంతకీ రాలేదు. పక్కింటాయన ఆటో ఉంది, తాళంచెవి ఉంది, ఆయన లేడు. నాయనమ్మ పెదాలు నీలంగా మారుతున్నాయి. నడపమని చిన్నాయినను బతిమాలింది నేనే.

"ఎడమ దిక్కు నాకు మొత్తం గోడనే బిడ్డా," అన్నాడు.

"నేను పక్కన కూసొని చెప్త. నువ్వు నడుపు."

తొర్రూరు దాకా ఆ దిక్కున కన్ను నేనే అయ్యాను. గుంత, బర్రె, లారీ, జర కుడికి, ఇంకా జర. నేను చెప్పందే ఆయన హ్యాండిల్ తిప్పలేదు. నాయనమ్మ బతికింది. దవాఖాన గేటు దగ్గర ఎవరో మా ఆటోను ఫోటో తీశారని మాకు తర్వాత తెలిసింది.

విచారణ రోజు అవతలి వకీలు ఆ ఫోటో బల్లమీద పెట్టాడు. పక్కన కనిపిస్తున్నది నేనే కాబట్టి నన్ను బోనులోకి పిలిచారు. చాలా మర్యాదగా, టీచరమ్మా అంటూనే అడిగాడు. ఆయన ఆటో నడిపాడా? నడిపాడు. ఎవరికైనా తగిలిందా? లేదు. "నేను చెప్తుంటే నడిపిండు సార్, మా నాయినమ్మకు పానం మీదికొచ్చి..." అనబోయాను. అడిగినదానికి మాత్రమే జవాబు చెప్పమన్నాడు. మా వకీలు లేచి మిగతాది చెప్పించాడు కానీ, అప్పటికే రాసుకోవలసింది రాసుకున్నారు. ఉత్తర్వులో ముప్పై అని వచ్చింది. బండి నడపగలడు కాబట్టి పని చేసుకోగలడని కారణం.

తిరుగు బస్సులో నేను ఏడుస్తుంటే ఆయన కిటికీలోంచి చూస్తూ అన్నాడు: "నువ్వు అబద్ధం చెప్పలే గద. మా అవ్వ బతికింది. ఊకో."

నా గుండె ఊరుకోలేదు. పాత క్వారీలో కన్ను లేదని క్రేను ఎక్కనివ్వలేదు, పనికి రాడని కాగితం రాసిచ్చారు. భూపాలపల్లి దాకా పోయి బొగ్గు పనుల కాంట్రాక్టరును అడిగాడు, అక్కడా అదే మాట. పనికి రావన్న కాగితం, పని చేసుకోగలవన్న కాగితం రెండూ ఒకే సంచిలో పెట్టుకుని తిరిగాడు. చివరికి ఆడవాళ్లతో కలిసి పత్తి ఏరడానికి పోయాడు. ఆయన వేళ్లు కాయకు బెత్తెడు ఇవతలే మూసుకునేవి. మొదట్లో వాళ్లు నవ్వారట. తర్వాత నవ్వడం మానేసి, చెప్పకుండానే తలా పిడికెడు ఆయన సంచిలో వేసేవారట. అది తెలిసిన రోజునుంచి ఆయన చేనుకు పోలేదు.

ఒక సాయంత్రం అరుగుమీద కూర్చుని, మామూలు గొంతుతోనే అన్నాడు: "రెండోది గూడ పోతే అయిపోతుండె. అప్పుడు నూరు రాద్దురు."

నేను లేచాను. లోపలికి పోయి, దొడ్లో ఉన్న పురుగుల మందు డబ్బా తీసుకుని, మా బడి బీరువాలో పెట్టి తాళం వేశాను. ఆయన దాన్ని వెతికాడో లేదో నాకు తెలియదు. అడిగే ధైర్యం ఈనాటికీ రాలేదు.

పై కోర్టుకు పోయాం. ఎనిమిదేళ్లు పట్టింది. ఆపదలో ఒక్కసారి బండి నడపడం బతుకుదెరువు కాదని, క్రేను నడిపేవాడిగా ఆయన సంపాదన నూటికి నూరూ పోయిందని తీర్పు వచ్చింది. చదివితే నాలుగు వాక్యాలు. అప్పటికి నాయనమ్మ పోయింది, ఆయన జుట్టంతా నెరిసింది, క్వారీ మూసేసి గుంతలో నీళ్లు నిలిచాయి. నేను పోయి చిన్నాయినకు చెప్పాను. "గిప్పుడు నమ్మిన్రా," అని మాత్రం అడిగాడు. ఔనన్నాను.

ఒక మనిషికి పని చేసుకునే ఏళ్లు ఎన్ని పోయాయో లెక్క తేలేసరికి, ఆ లెక్క తేల్చడానికి పట్టిన ఏళ్లు కూడా పోయినవాటిలోనే కలిసిపోయాయి.